ఆసు ఎవరు పోశారు?

జానపద చిత్రాలంటే నాకు చిన్నప్పట్నించీ పిచ్చి. అందుకే రెండేళ్ళ కిందట ఒక నిర్మాతగారు పిలిపించి, "మళ్ళీ జానపదాలకి రోజులొచ్చాయి. కొత్త కథేమన్నా ఉంటే చెప్పవయ్యా" అన్నప్పుడు నా ఆనందానికి పట్టపగ్గాల్లేవు. పత్రికలకు వ్యాసాలు రాసుకు బతికే బి.ఏ. గాణ్ణి. వెండితెర మీద పేరు పడుతుందంటే ఎవరికి చేదు చెప్పండి!

వారం రోజులు కూచుని కథ అల్లాను. ఏడు కొండల అవతల పన్నెండుమంది నేతగాళ్ళ రహస్య సంఘం. వాళ్ళు నేసిన వస్త్రాన్ని కుడివైపునుంచి కప్పుకుంటే నిన్నటిలోకి, ఎడమవైపునుంచి కప్పుకుంటే రేపటిలోకి వెళ్ళిపోవచ్చు. ఒక్కటే చిక్కు. మూరెడు గుడ్డ నేస్తే నేసినవాడి ఆయుష్షులో ఒక ఏడాది తరిగిపోతుంది.

"1991లో 'ఆదిత్య 369'లో సింగీతం శ్రీనివాసరావుగారు యంత్రమెక్కించి మనల్ని శ్రీకృష్ణదేవరాయల కాలానికి తీసికెళ్ళారు. నాది యంత్రం కాదు, వస్త్రం. అంతే తేడా" అని నిర్మాతగారికి ధీమాగా చెప్పాను.

నిజానికి ఇందులో నా సొంత కల్పన కొంచెమే. మా పద్మశాలీల గాథల్లో మూలపురుషుడు భావనా ఋషి తామర తూళ్ళ దారంతో దేవతలకు బట్టలు నేశాడంటారు. ఆయన తండ్రి మార్కండేయుడు. పదహారేళ్ళ వయసులో యముడి పాశాన్నే తప్పించుకున్నవాడు. కాలానికీ మగ్గానికీ చుట్టరికం ఈనాటిది కాదన్నమాట!

నిర్మాతగారు కాఫీ ఇప్పించారు. "ఫోన్ చేస్తా" అన్నారు. ఆ ఫోన్ ఇవాళ్టిదాకా రాలేదు.

దిగులుగా ఇంటికెళ్ళాను. మాది పోచంపల్లి పక్కన చిన్న ఊరు. రాత్రి భోజనాల దగ్గర అమ్మకి కథంతా చెప్పాను. శ్రద్ధగా విని, కంచం ముందుకి జరుపుతూ అంది:

"అంత మంచిగనే ఉంది గాని కొడుకా, ఆ పన్నెండు మందికి ఆసు ఎవలు పోసిన్రు?"

నా నోట మాట రాలేదు.

ఆసు అంటే ఏమిటో తెలియని పాఠకులకు ఒక్క మాట. పోచంపల్లి చీర అందం మగ్గం మీద పుట్టదు. పేక దారాన్ని ముందుగానే ఒక చట్రానికి చుట్టి, లెక్క ప్రకారం రబ్బరు పట్టీలతో చిటికి కట్టి, రంగుల్లో ముంచుతారు. రేపు నేయబోయే పువ్వు ఇవాళే దారంలో దాక్కుని ఉంటుంది. ఆ దారాన్ని చట్రానికి చుట్టడమే ఆసు పోయడం. ఈ కొస నుంచి అర్ధచంద్రాకారంగా ఉన్న ఆ మేకులదాకా చెయ్యి చాచాలి, మళ్ళీ వెనక్కి రావాలి. ఒక్క చీరకు అలా 9,000 సార్లు. నాలుగైదు గంటల పని. తరతరాలుగా ఇది ఇంటి ఆడవాళ్ళ వంతు.

మా అమ్మ రోజుకు ఒక చీరకు పోసేది, తొందరుంటే రెండు. రాత్రి కుడిచెయ్యి పైకి లేచేది కాదు. పొద్దున్నే జడ వేసుకోలేక పక్కింటి పిన్నిని పిలిచేది. భుజానికి నూనె రాసే పని నాది. రాస్తూ రాస్తూ నేనే నిద్రపోయేవాణ్ణి.

ఆలేరు ప్రాంతంలోని శారాజీపేటకు చెందిన చింతకింది మల్లేశం తల్లి లక్ష్మిగారిదీ ఇదే బాధ. ఆరో తరగతితో చదువు ఆపేసిన ఆయన ఆ బాధ చూడలేక, ఏళ్ళ తరబడి అప్పులూ అవహేళనలూ భరించి 1999లో ఆసు యంత్రం చేశారు. నాలుగైదు గంటల పని గంటన్నరలో అయిపోతుంది. 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది.

మా ఇంటికి ఆ యంత్రం వచ్చిన రోజు నాకింకా గుర్తు. మధ్యాహ్నానికే పని తీరిపోయింది. అమ్మ ఏం చెయ్యాలో తోచక వాకిట్లో ఊరికే కూచుంది. చివరికి, "నడువు, సిన్మాకు పోదం" అని నన్ను భువనగిరి తీసికెళ్ళింది. ఆట మొదలైన పావుగంటకే కుర్చీలో నిద్రపోయింది. నేను లేపలేదు.

2019లో ప్రియదర్శి నటించిన 'మల్లేశం' చిత్రానికి అమ్మని నేను తీసికెళ్ళాను. ఈసారి రెప్ప వాల్చలేదు. తెరమీద ఝాన్సీగారు ఆసు పోస్తుంటే, చీకట్లో అమ్మ కుడిచెయ్యి కుర్చీ కోడు మీద అటూ ఇటూ కదలడం చూశాను. తనకి తెలియకుండానే.

ఇంత చూసినవాణ్ణి, కాలాన్ని మడతపెట్టే వస్త్రం గురించి కథ రాస్తూ ఆ చెయ్యిని మర్చిపోయాను! ఆయుష్షు తరిగిపోయేది నేసినవాడిదేనని రాసుకున్నాను.

సిగ్గేసి కథ తిరగరాశాను. ఇప్పుడు సంఘంలో పదమూడో మనిషి ఉంది. ఆమె ఆసు పోయనిదే మగ్గం కదలదు, కాలమూ కదలదు. ఇంకా ఎవరూ కొనలేదు. పోయిన పండక్కి వెళ్ళినప్పుడు అమ్మకి చదివి వినిపించాను.

అంతా విని నవ్వింది. తర్వాత అడిగింది:

"మరి ఆమెకు కూలెంత రాసినవ్ కొడుకా?"

అది రాయలేదండీ. మళ్ళీ మొదలుపెట్టాను.