గేమ్‌లో గొంతు వినపడకపోతే ఎక్కడ వెతకాలి?

కాస్త పెద్ద పోస్టు, ఓపిగ్గా చదవండి.

"ఒరేయ్, నీ మైక్ రావట్లా" అనే మాట వినకుండా ఆన్‌లైన్ గేమ్ ఆడినవాళ్లు మన గ్రూపులో ఎవరూ ఉండరు. దానికి వచ్చే జవాబు కూడా అందరికీ తెలిసిందే. "నీది డొక్కు ఫోను", లేకపోతే "మీ కాలనీలో నెట్ ఉండి చస్తేగా". మన పిల్లలు ఈ మాట నమ్మేస్తారు. తక్కువ ధర ఫోను కదా, ఇంతే అనుకుని మైక్ ఆపేసి మౌనంగా ఆడతారు. నేను చూసినంతవరకు పదింటిలో ఏడెనిమిదిసార్లు తప్పు ఫోనుదీ కాదు, ఊరిదీ కాదు. ఎక్కడో ఒక చిన్న సెట్టింగుది. దాన్ని వెతికే పద్ధతి రాద్దామనే ఈ పోస్టు.

గేమ్ గురించి ఇంత రాయాలా అని పెద్దవాళ్లు అనొచ్చు. మాకు ఇది గేమ్ ఒక్కటే కాదు. మేం ఎరుకలవాళ్లం. నేను కొలకలూరులో ఉంటా. మా మావయ్య కొడుకు, అంటే బావ, బాపట్లలో. పిన్ని కూతురు రేపల్లెలో. ఇంకో తమ్ముడు హైదరాబాదులో పని చేసుకుంటా చదువుకుంటున్నాడు. 2022 ఏప్రిల్‌లో బాపట్ల జిల్లా ఏర్పడ్డాక జిల్లాలు కూడా వేరయ్యాయి. పండక్కో చావుకో తప్ప ఒకచోట కలవం. శనివారం రాత్రి గేమ్‌లో మాత్రం నలుగురం కలుస్తాం. అక్కడ మాట్లాడేది మన కుర్రు భాష. దానికి సొంత లిపి లేదు. తెలుగు అక్షరాల్లో చాట్ చేద్దామంటే సగం మాటలు సరిగ్గా కూర్చోవు, తెలుగులోకి జారిపోతాం. కాబట్టి మాకు భాష ఉండేది గొంతులోనే. మైక్ పోతే ఆ రాత్రి భాష కూడా పోయినట్టే.

మా నలుగురివి నాలుగు రకాల మెషీన్లు. నాది ఆండ్రాయిడ్, తమ్ముడిది సెకండ్ హ్యాండ్ ఐఫోన్, బావది కంప్యూటర్, చెల్లి వాళ్లమ్మ ఫోనులో ఆడుతుంది. అప్పుడప్పుడు బావ ఫ్రెండ్ ఒకడు ప్లేస్టేషన్ నుంచి వస్తాడు. ఇట్టా రకరకాల మెషీన్ల వాళ్లు ఒకే ఆటలో కలవడాన్ని క్రాస్ ప్లాట్‌ఫామ్ అంటారు. ఇదేమీ పాత సంగతి కాదు. ప్లేస్టేషన్ వాళ్లని ఎక్స్‌బాక్స్ వాళ్లతో ఫోర్ట్‌నైట్‌లో కలవనిస్తామని సోనీ చెప్పింది 2018 సెప్టెంబరులో. ఆట కలిసింది గానీ, గొంతు వెళ్లే దారి మాత్రం ఒక్కో మెషీన్‌లో ఒక్కోలా ఉంటుంది. చిక్కంతా అక్కడే.

మొదటి ప్రశ్న "నీది ఏం ఫోను?" అని కాదు. "ఎవరి గొంతు ఎవరికి వినపడట్లేదు?" అని. దీనికి మూడు జవాబులుంటాయి.

ఒకటి, నీ మాట ఎవ్వరికీ వినపడట్లేదు. అప్పుడు తేడా నీ మైక్ వైపు ఉంది. రెండు, నీకు ఎవ్వరి మాటా వినపడట్లేదు. అప్పుడు నీ స్పీకర్ వైపు చూడాలి. మూడు, నీకూ బావకీ మధ్యే వినపడట్లేదు, చెల్లికి మాత్రం ఇద్దరి మాటా వినపడుతుంది. అప్పుడు మైకులు రెండూ బాగున్నట్టే. ఒకరినొకరు మ్యూట్ చేసుకున్నారా, బ్లాక్ అయ్యారా, ఇద్దరి మధ్య కనెక్షన్ కుదరట్లేదా అని చూడాలి. ఈ ఒక్క ప్రశ్నతోనే సగం పని అయిపోతుంది. లేకపోతే నలుగురూ ఒకేసారి సెట్టింగులు మార్చేస్తారు, ఏది మార్చితే బాగయిందో ఎవరికీ తెలియదు. ఒకసారికి ఒకటే మార్చాలి.

ఇప్పుడు మైక్ వైపు. గేమ్ మూసేసి వాయిస్ రికార్డర్‌లో పది సెకన్లు మాట్లాడి వినండి. అందులో వినపడితే మైక్ బతికే ఉంది. వినపడకపోతే మైక్ రంధ్రంలో దుమ్ముందా, ఫోను కవర్ దాన్ని మూస్తుందా చూడండి. ఇయర్‌ఫోన్ తీసేసి మళ్లీ రికార్డ్ చేయండి. ఇయర్‌ఫోన్ పిన్ను మీద నల్ల గీతలు లెక్కపెట్టండి. మూడుంటే మైక్ ఉన్న రకం. రెండే ఉంటే అది వినడానికి మాత్రమే, దాంతో ఎంత అరిచినా అవతలికి పోదు. కంప్యూటర్‌కి వెనక పచ్చ రంధ్రం, గులాబీ రంధ్రం వేరువేరుగా ఉంటే మూడు గీతల పిన్ను నేరుగా పెట్టినా మైక్ రాదు. పిన్నుని రెండుగా చీల్చే చిన్న వైరు ఒకటి కావాలి. బావకి కావాల్సింది అదే. దానికి ముందు కొత్త హెడ్‌సెట్ కొనమని సలహా ఇచ్చినవాళ్లు ముగ్గురు.

రికార్డర్‌లో వినపడి గేమ్‌లో వినపడకపోతే పర్మిషన్ చూడాలి. ఆండ్రాయిడ్‌లో సెట్టింగ్స్, యాప్స్, ఆ గేమ్ పేరు, పర్మిషన్స్, మైక్రోఫోన్. ఇంతకుముందు ఇచ్చాం కదా అనుకోవద్దు. ఆండ్రాయిడ్ 11 నుంచి కొన్ని నెలలు తెరవని యాప్‌కి ఇచ్చిన పర్మిషన్లని ఫోనే వెనక్కి తీసుకుంటుంది. పరీక్షల కోసం గేమ్ మానేసి సెలవుల్లో తెరిచేవాళ్లకి ఇదే జరుగుతుంది. ఆండ్రాయిడ్ 12 నుంచి పైనుంచి లాగితే వచ్చే బటన్లలో మైక్ మొత్తాన్ని ఆపే బటన్ కూడా పెట్టుకోవచ్చు. చిన్నపిల్లలు ఫోను తీసుకుంటే దాని మీద వేలు పడుతుంది. మైక్ నడుస్తుందో లేదో స్క్రీన్ పైమూల చూస్తే తెలుస్తుంది. ఆండ్రాయిడ్ 12 పైన పచ్చ గుర్తు, ఐఫోన్‌లో నారింజ చుక్క వస్తుంది. మాట్లాడేటప్పుడు అది రాకపోతే గేమ్‌కి మైక్ అందట్లేదన్నమాట. కంప్యూటర్‌లో అయితే విండోస్ ప్రైవసీ సెట్టింగుల్లో మైక్రోఫోన్ ఆన్ చేయాలి, గేమ్‌లో ఇన్‌పుట్ కింద ఏ మైక్ పేరుందో కూడా చూడాలి. కెమెరాలో ఉండే మైక్‌ని పట్టుకుని కూర్చుంటుంది ఒక్కోసారి.

ఇంకోటి. వాట్సాప్ కాల్‌లో ఉండి గేమ్ మైక్ కూడా ఆన్ చేస్తే రెండింటికీ గొంతు వెళ్లదు. ఫోను సాధారణంగా కాల్‌కే మైక్ ఇస్తుంది. స్క్రీన్ రికార్డర్ వల్ల కూడా కొన్ని ఫోన్లలో ఇదే గొడవ. ఏదో ఒకటే ఉంచండి.

బ్లూటూత్ వాడేవాళ్లకి ఒక మాట. మైక్ ఆన్ చేయగానే సౌండ్ డబ్బాలోంచి వచ్చినట్టు అవుతుంది, అడుగుల చప్పుడు ఏ పక్కనుంచో తెలియదు. ఇయర్‌బడ్స్ పాడయ్యాయని పారేయకండి. మామూలు బ్లూటూత్‌కి రెండు పద్ధతులుంటాయి. ఒకటి పాటలు వినడానికి, మంచి సౌండు, ఒకవైపే వెళ్తుంది. రెండోది కాల్ మాట్లాడటానికి, రెండువైపులా వెళ్తుంది గానీ నాణ్యత తక్కువ. మైక్ తెరవగానే రెండోదానికి మారుతుంది. బడ్స్‌తో వింటూ గేమ్‌లో ఫోను మైక్ ఎంచుకునే వీలుంటే అలా చేయండి. లేకపోతే వంద, నూటయాభై రూపాయల వైరు ఇయర్‌ఫోనే నయం.

మైక్ బాగుంది, పర్మిషన్ ఉంది, అయినా రావట్లేదంటే ఏ గదిలో మాట్లాడుతున్నారో చూడండి. ప్లేస్టేషన్‌కి, ఎక్స్‌బాక్స్‌కి వాటి సొంత పార్టీ చాట్‌లుంటాయి. అందులో కూర్చున్నవాడి గొంతు ఆ పార్టీలోకే పోతుంది, గేమ్‌లో ఉన్న ఫోనువాళ్లకి రాదు. వాణ్ణి పార్టీ నుంచి బయటికొచ్చి గేమ్ చాట్‌లోకి రమ్మనాలి. ఎక్స్‌బాక్స్‌లో అయితే తమ నెట్‌వర్క్ బయటివాళ్లతో మాట్లాడొచ్చా లేదా అని ప్రైవసీలో వేరే సెట్టింగ్ ఉంటుంది. చిన్న వయసు పుట్టినతేదీతో తెరిచిన అకౌంట్లకి వాయిస్ చాట్ ఆపేసి ఉండొచ్చు. మైన్‌క్రాఫ్ట్ బెడ్‌రాక్ లాంటి ఆటలో అసలు వాయిస్ చాటే లేదు. ఫోనువాళ్లు, కంప్యూటర్‌వాళ్లు కలిసి ఆడొచ్చు గానీ మాటలకి డిస్కార్డ్ లాంటిది పక్కన పెట్టుకోవాలి.

ఇక నెట్. వాయిస్‌కి చాలా నెట్ కావాలనుకుంటారు, అది అపోహ. డిస్కార్డ్ మామూలుగా సెకనుకి 64 కిలోబిట్లు వాడుతుంది. లెక్కేస్తే గంటసేపు ఆపకుండా మాట్లాడినా దాదాపు 29 ఎంబీ. రోజుకి ఒకటిన్నర జీబీ ప్యాక్‌లో అదెంత? గొంతు ముక్కలవడానికి కారణం స్పీడ్ తక్కువై కాదు, నెట్ నిలకడగా లేక. మన మాటని ఫోను సాధారణంగా సెకనులో యాభయ్యో వంతు ముక్కలుగా కోసి పంపుతుంది. దారిలో పోయిన ముక్కని మళ్లీ అడిగే టైము ఉండదు, దాన్ని వదిలేసి ముందుకెళ్తుంది. అట్టా కొన్ని పోతే మర మనిషి గొంతులా వినపడుతుంది. ఒకే హాట్‌స్పాట్ మీద ముగ్గురు ఉండటం, పక్కన ఎవరో వీడియో అప్‌లోడ్ చేయడం, సాయంత్రం టవర్ మీద రద్దీ, ఇవీ అసలు కారణాలు. స్పీడ్ టెస్టులో నంబరు బాగానే కనపడుతుంది. హాట్‌స్పాట్ మీద ఒక్కరే ఉండి చూడండి.

కాలేజీ వైఫైలో ఆట నడుస్తుంది, మాట రాదు. చాలా గేముల్లో వాయిస్‌కి వేరే సర్వర్ ఉంటుంది. ఆ దారిని వైఫై మూసేసి ఉండొచ్చు. మొబైల్ డేటాకి మార్చి చూడండి. అప్పుడు వస్తే తప్పు మీది కాదు, వైఫైది.

ఇద్దరి మధ్యే వినపడకపోవడానికి ఒక కారణం చెబుతా. ఊళ్లో కాలనీ మొత్తానికి ఒకే డోరు నంబరు ఉందనుకోండి. మనం రాసిన ఉత్తరం బయటికి పోతుంది. బయటినుంచి కొత్తగా వచ్చిన ఉత్తరం ఏ ఇంటికివ్వాలో పోస్టుమాన్‌కి తెలియదు. మొబైల్ నెట్‌లో కూడా చాలామందికి కలిపి ఒకే చిరునామా ఉంటుంది. సర్వర్ మధ్యలో ఉండి గొంతుని అందించే ఆటల్లో దీంతో పెద్ద ఇబ్బంది లేదు. ఇద్దరి మెషీన్లూ నేరుగా మాట్లాడుకునే పార్టీ చాట్‌లోనే ఇద్దరూ ఇలాంటి నెట్ మీద ఉంటే కలవరు. అప్పుడు సర్వర్ మీద నడిచే చాట్‌కి మారడం తేలిక.

మన గొంతు మనకే తిరిగి వినపడుతుంటే తప్పు మనది కాదు. అవతల ఎవరో స్పీకర్ పెట్టి వింటున్నారు. ఒక్కొక్కర్నే మైక్ ఆపమనండి. ఎవరు ఆపితే పోతుందో వాళ్లకి ఇయర్‌ఫోన్ పెట్టుకోమని చెప్పండి.

ఇవన్నీ సరిచూశాక కూడా ఒకరి గొంతు రాదు. మా చెల్లి విషయంలో అదే జరిగింది. రికార్డర్‌లో వస్తుంది, పర్మిషన్ ఉంది, నెట్ బాగుంది. మేం నలుగురమే ఉన్నప్పుడు మాట్లాడుతుంది, తెలియనివాళ్లు టీములోకి రాగానే మైక్ ఆగిపోతుంది. రెండు వారాల తర్వాత చెప్పింది. ఒకసారి మేం లేనప్పుడు ఆడుతుంటే, ఇంట్లో వాళ్లమ్మతో మన భాషలో అన్న మాట మైక్‌లో పోయిందట. టీములో ఒకడు అదేం భాష అని అడిగి, కులం పేరు తెలుసుకుని, "వస్తువులు జాగ్రత్త రోయ్" అన్నాడట. మిగతావాళ్లు నవ్వారట.

ఈ నవ్వు ఎక్కణ్ణుంచి వచ్చిందో మనకి తెలుసు. 1871 నేరస్త తెగల చట్టాన్ని 1911లో సవరించి మద్రాసు ప్రెసిడెన్సీకి కూడా తెచ్చారు. మనవాళ్లని పుట్టుకతోనే దొంగలన్నారు, హాజరు వేయించారు. బాపట్ల పక్కన స్టువర్టుపురం సెటిల్‌మెంట్ ఆ కాలం నాటిదే. 1952లో చట్టం పోయింది, మాట పోలేదు. బస్సులో, బజారులో మన భాష మాట్లాడొద్దని పెద్దవాళ్లు మనకి ఎందుకు చెప్పేవాళ్లో ఇప్పుడు అర్థమవుతుంది. చెల్లి పదిహేనేళ్లకే అదే నేర్చుకుంది, గేమ్‌లో.

దీనికి సెట్టింగుల్లో మందు సగమే ఉంది. వాయిస్‌ని "ఆల్" మీద కాకుండా "టీమ్" లేదా "ఫ్రెండ్స్" మీద పెట్టుకోవచ్చు. ఎప్పుడూ మైక్ తెరిచి ఉండకుండా నొక్కితేనే మాట్లాడేలా పెట్టుకోవచ్చు. అన్నవాణ్ణి మ్యూట్ చేసి రిపోర్ట్ కొట్టొచ్చు. ముందు ఐడీ స్క్రీన్‌షాట్, వీలైతే రికార్డింగు దాచుకోవాలి. పదిమంది ముందు కులం పేరుతో తిట్టడం 1989 ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద నేరం. ఇంటర్నెట్‌లో చేసిన అవమానానికి కూడా ఈ చట్టం వర్తిస్తుందని 2022లో కేరళ హైకోర్టు చెప్పింది. గేమ్‌లో అన్న ప్రతి మాటా కేసు అవుతుందని కాదు. అడగడానికి 14566 అని జాతీయ హెల్ప్‌లైన్ ఉంది, ఆ నంబరు ఫోనులో పెట్టుకోండి.

మిగతా సగం మనం చేయాల్సింది. ఎవరైనా మౌనంగా ఆడుతుంటే "డొక్కు ఫోను" అని నవ్వేయకండి. సెట్టింగులన్నీ చూశాక విడిగా మెసేజ్ పెట్టి ఏమైందో అడగండి. మేం ఇప్పుడు తెలియనివాళ్లు రాకుండా టీము మూసుకుని ఆడుతున్నాం. మొదలుపెట్టే ముందు ఐదు నిమిషాలు మైక్ చెకింగ్. "హలో హలో" అనం. ఆ రోజు ఏం తిన్నామో ఒక్కొక్కరం మన భాషలో చెప్పాలి. చెల్లికి ఒక్కోసారి మాట దొరకదు, తమ్ముడికి అసలే దొరకదు. అప్పుడు మా ఇంట్లో మంచం మీద పడుకున్న అమ్మమ్మ, నా ఇయర్‌ఫోన్ పీకేసి, ఆ మాట ఏందో ఫోనులోకి అరిచి చెబుతుంది. అవతల ముగ్గురికీ ఎకో వస్తుంది. ఆ ఒక్క ఎకోని మాత్రం మేం ఆపం.