గమ్యం చేరని ఓడ... మన కాలానికి చేరింది!

మా అబ్బాయికి ఈ మధ్య కాలయాత్రల కథల పిచ్చి పట్టుకుంది. అందులో ఒక ఓడ ఉందట. ఒక శతాబ్దంలో సరుకు ఎక్కించుకుని ఇంకో శతాబ్దంలో దింపుతుందట! ‘నాన్నా, అలాంటి ఓడ నిజంగా ఉంటే ఎంత బాగుండు’ అన్నాడు, టర్కీ వెళ్లే విమానంలో కూర్చున్నాక. ‘ఉంది, ఎల్లుండి చూపిస్తాగా’ అన్నాను. నావైపు ఓ చూపు చూసి మళ్లీ పుస్తకంలోకి వెళ్లిపోయాడు.

ఇస్తాంబుల్ నుంచి ఇంకో చిన్న విమానం ఎక్కితే గంటంబావులో బోద్రుమ్. కొండవాలు నిండా సున్నం కొట్టిన తెల్లటి ఇళ్లు, గోడల మీంచి జారే కాగితంపూలు, కింద నీలం సముద్రం. చరిత్ర పితామహుడని పేరున్న హెరొడోటస్ పుట్టింది ఈ ఊళ్లోనే. అప్పట్లో దీని పేరు హాలికార్నాసస్. ఏడు ప్రపంచ వింతల్లో ఒకటైన మౌసోలస్ రాజు సమాధి కూడా ఇక్కడిదే. దాని రాళ్లు ఇప్పుడు ఎక్కువగా పక్కనున్న కోట గోడల్లో ఉన్నాయి. పదిహేనో శతాబ్దంలో కోట కట్టిన క్రైస్తవ వీరులు రాయి కోసం దూరం వెళ్లలేదు మరి! ఆ కోటలోనే ఉంది సముద్రగర్భ పురావస్తు మ్యూజియం. మేం వెళ్లింది దానికోసమే.

చీకటి గదిలోకి అడుగుపెట్టగానే మావాడు నోరు తెరిచాడు. ఎదురుగా ఓడ... దాని కడుపును నిలువునా కోసినట్టు చూపించారు. లోపల రాగి దిమ్మలు ఒకదాని మీద ఒకటి, పెంకులు పేర్చినట్టు వరసగా ఉన్నాయి. అసలు ఓడ పొడవు సుమారు పదిహేను మీటర్లు. లెబనాన్ దేవదారుతో చేసింది. క్రీస్తుకు పూర్వం పద్నాలుగో శతాబ్దంలో మునిగింది. అంటే 3,300 ఏళ్లుగా సరుకు మోస్తూనే ఉందన్నమాట. పేరు తెలియదు కాబట్టి, మునిగిన చోటును బట్టి ఉలుబురున్ ఓడ అంటున్నారు. ఆ చోటు బోద్రుమ్‌కు తూర్పున, కాష్ అనే ఊరి దగ్గరి రాతికొన.

ఇది దొరికిన తీరు వింటే గుండె ఝల్లుమంటుంది. 1982లో మెహ్మెత్ చాకీర్ అనే స్పాంజి గజ ఈతగాడు నీటి అడుగున ‘చెవులున్న లోహపు బిస్కెట్లు’ చూశానని తమ పడవ కెప్టెన్‌కు చెప్పాడు. ఆ మాట ఇంకెవరైనా విని ఉంటే నవ్వి ఊరుకునేవారేమో. లేదా పైకి తీసి పాత సామాన్లవాడికి అమ్మేసేవారేమో. కానీ పురావస్తు శాస్త్రవేత్తలు అప్పటికే కొన్నేళ్లుగా స్పాంజి పడవల రేవులన్నీ తిరుగుతున్నారు. ఈతగాళ్లను కూర్చోబెట్టి, ఇలాంటివి కనబడితే మాకు చెప్పండయ్యా అంటూ రాగి దిమ్మల బొమ్మలు చూపిస్తున్నారు. అందుకే కెప్టెన్‌కు వెంటనే వెలిగింది. లోహం మళ్లీ కరిగించి వాడుకునే సరుకు. అందుకే పాతకాలపు లోహం మనదాకా రావడం అరుదు. పదిటన్నుల రాగి కొలిమిలోకి పోకుండా నిలబడింది ఒక్క మాట మీద!

తవ్వకం 1984లో మొదలై 1994 దాకా సాగింది. మొదట జార్జ్ బాస్, తర్వాత జెమాల్ పులాక్ నడిపించారు. ఓడ శిథిలాలు నలభై నాలుగు మీటర్ల లోతు నుంచి అరవై మీటర్ల దాకా ఏటవాలుగా పరుచుకుని ఉన్నాయి. అంత లోతులో మనిషికి మత్తు కమ్ముతుంది. అందుకని ఒక్కొక్కరు రోజుకు రెండుసార్లే, అదీ ఇరవయ్యేసి నిమిషాలే పనిచేసేవారు. అలా 22 వేలకు పైగా మునకలు వేశారు. మా ఆవిడ ఆ లెక్క చదివి, ‘ఇంట్లో అటక సర్దమంటే ఏడాదికి ఒక్కసారి ఎక్కరు’ అంది. నేను విననట్టు ముందుకు నడిచాను.

ఇంతకీ ఏముంది అందులో? ఎద్దుతోలు పరిచినట్టు నాలుగు మూలలు సాగిన రాగి దిమ్మలు 354. సైప్రస్ రాగి అది. దాంతోపాటు ఒక టన్ను తగరం. పదికి ఒకటి చొప్పున కలిపితే కంచు. అంటే ఓడ అడుగున కత్తులకూ కవచాలకూ సరిపడా పదకొండు టన్నుల కంచు ఉన్నట్టే. ముదురునీలం గాజు ముద్దలు, ఏనుగు దంతం, నీటిగుర్రం పళ్లు, మన జిట్రేగికి చుట్టమైన ఆఫ్రికా నల్లచేవ దుంగలు, ఎక్కడో ఉత్తరాన దొరికే ఆంబర్ పూసలు... ఈజిప్టు రాణి నెఫర్‌టిటి పేరు చెక్కిన చిన్న బంగారు ముద్ర కూడా ఉంది. నూటయాభై దాకా ఉన్న జాడీల్లో చాలావాటినిండా సువాసనల చెట్టుబంక. పెద్ద బానల్లో గడ్డి కుక్కి కాదు, గిన్నెలోకి గిన్నె అమర్చి కొత్త మట్టిపాత్రలు సర్దారు. గాజుసామాను కొట్లో మనవాళ్లు సర్దినట్టే!

నాకు మాత్రం వీటన్నిటికన్నా నచ్చింది తిండి. బాదం, అంజూర, ఆలివ్, దానిమ్మ, ధనియాలు. ఏది అమ్మకానికి, ఏది వంటకు అని ఆలోచిస్తూ ఆ గింజల ముందు చాలాసేపు నిలబడ్డాను. ఒక ఎలుక దవడ ఎముక కూడా దొరికింది. అది సిరియా తీరపు ఎలుక అయి ఉంటుందని తర్వాత పరిశోధకులు తేల్చారు. టికెట్టు లేకుండా ఎక్కిన ప్రయాణికుడు! అదీ సాక్ష్యం చెప్పింది, ఓడ తూర్పు నుంచి బయల్దేరిందని. ఆ కాలంలో సముద్ర వ్యాపారమంతా గ్రీకులదేనని పండితులు అనుకునే రోజుల్లో, కాదు, తూర్పుతీరం వాళ్లదీ పెద్ద వాటానేనని బాస్ వాదించాడు. 1960లో కేప్ గెలిదోన్యా దగ్గర ఇంకో ఓడ తవ్వినప్పటి మాట అది. చాలామంది ఒప్పుకోలేదు. పాతికేళ్లు పోయాక ఈ ఓడ ఆయన పక్షాన నిలబడింది.

ఓడలోని మనుషులు? వాళ్ల ఎముకలు దొరకలేదు. ఈది గట్టెక్కారో లేదో చెప్పేవాళ్లెవరు! ఆవు, సింహం ఆకారాల్లో పోసిన తూకపు రాళ్లు, కత్తులు, ముద్రలు మాత్రం ఉన్నాయి. ఏ రేవులోనో ఒకరు ఈ రాగి కోసం రోజూ సముద్రం వైపు చూసే ఉంటారు. ఏ రేవో, ఎవరో... ఆ మాట రాసి ఉండదగిన వస్తువు కూడా దొరికింది. దంతపు మడతబందులతో పుస్తకంలా మూసుకునే చిన్న చెక్క పలక. లోపల మైనం పూసి పుల్లతో రాసేవారు. గ్రీకుల ఇలియడ్‌లో మడత పలకల ప్రస్తావన ఉంటే, అంత పాతకాలంలో అలాంటివెక్కడివని కొందరు కొట్టిపారేశారట. ఇది దొరికింది దానిమ్మకాయలున్న బానలో.

మావాడు అద్దానికి ముక్కు ఆనించి చాలాసేపు దాన్నే చూశాడు. ‘ఏం రాసుంది నాన్నా?’

మైనం మిగల్లేదని చెప్పాను.

‘అడ్రసు అందులోనే రాసుంటారు’ అన్నాడు.