చేతి రుచి

దక్షిణ కొరియా రాజధానియగు సియోలు నగరమున పరదేశ యాత్రికులకు వంట నేర్పు తరగతులు కలవు. అట్టి యొక తరగతిలో ఒక యాత్రికుడు చేరెను. ఆనాటి పాఠము కిమ్చీ. అది క్యాబేజీ జాతి ఆకుకూరతో చేయు ఊరగాయ. అది లేని భోజనము కొరియనులకు వెలితిగా తోచును.

"ఉప్పెంత? కారమెంత?" అని యాత్రికుడు కాగితము తీసెను. ఉపాధ్యాయురాలగు వృద్ధురాలు నవ్వి, అప్పుడే ఉప్పు చల్లిన ఆకు నొకదానిని అతని చేతికిచ్చి వంచుమనెను. తెల్లని కాడ పుటుక్కున విఱిగెను. రాత్రియంతయు ఉప్పులో ఊరిన ఆకు నిచ్చెను. అది విఱుగక వంగెను. "కొలత కాగితము చెప్పదు నాయనా, ఆకు చెప్పును" అని ఆమె పలికెను.

అతని ప్రక్కన ఒక కొరియా యువతి యుండెను. "మీరీ దేశమువారే గదా, మీకీ తరగతి యేల?" అని అతడు ఆశ్చర్యముతో అడిగెను.

"మా అమ్మమ్మ ఏటేట చేసెడిది. నేను తింటినే గాని నేర్వనైతిని. ఇప్పుడు అడుగుదమన్న ఆమె లేదు."

చలికాలము రాకమున్ను బంధువులును ఇరుగుపొరుగువారును కూడి కిమ్చీ పెట్టుకొను ఆచారమునకు కిమ్‌జాంగ్ అని పేరు. 2013లో యునెస్కో దానిని మానవాళి వారసత్వముల పట్టికలో చేర్చినది. పట్టిక పేరును నిలుపగలదు. పనిని నిలుపవలసినవి చేతులే. మంచి వంటలోని ఆ గుణమును కొరియనులు 'చేతి రుచి' యందురు.

ఎండుమిరప పొడి, వెల్లుల్లి, అల్లము, ముల్లంగి, ఉప్పు రొయ్యలు కలిపిన ముద్ద సిద్ధమయ్యెను. వృద్ధురాలు యువతి చేయి పట్టి, ఒక్కొక్క ఆకునకు దానిని పూయించెను. యాత్రికుడు కాగితము మడిచి, తానును ముద్దలో చేయి పెట్టెను.