కడవెండి మీదుగా పాలకుర్తికి

జనగామ జిల్లా కడవెండిలో దొడ్డి కొమరయ్య స్తూపం దగ్గర నిలబడి చూస్తే ఊరు మామూలుగానే ఉంటుంది. కిరాణా కొట్టు, వడ్ల బస్తాలతో పోతున్న ట్రాక్టర్, అరుగు మీద బీడీ తాగుతున్న ఒక పెద్దాయన. 1946 జూలై 4న ఇదే ఊళ్లో సంఘం వాళ్లు నినాదాలిస్తూ ఊరేగింపుగా పోతుంటే దొర మనుషులు తుపాకులు పేల్చారు. కొమరయ్య ప్రాణం పోయింది. ఆయన అన్న మల్లయ్యకు, మంగలి కొండయ్యకు, కొండయ్య తమ్ముడు నర్సయ్యకు గాయాలయ్యాయి. గొర్లు కాసే కురుమలు, గడ్డం గీసే మంగళ్లు. తెలంగాణ సాయుధ పోరాటం అనగానే కమ్యూనిస్టు పార్టీ తీర్మానాలు, నాయకుల పేర్లు మన నోటికి ముందు వస్తాయి. కడవెండిలో తూటాలు తగిలింది మాత్రం గడికి ఊడిగం చేసే కులాలవాళ్లకు. ఈ ప్రయాణమంతా ఆ నాలుగు పేర్లు నా వెంటే ఉన్నాయి.

తర్వాతి తరాల్లోనూ ఈ ఊరి నుంచి అడవిబాట పట్టినవాళ్లున్నారు. 2025 మార్చిలో దంతెవాడ అడవుల్లో చనిపోయిన ఒక రచయిత్రి కూడా ఈ ఊరి బిడ్డే. ఆమె సంగతి ఎత్తగానే ఆ పెద్దాయన బీడీ ఆర్పేసి లోపలికి వెళ్లిపోయారు. నేనూ మళ్లీ అడగలేదు.

కడవెండి గడిలో ఉండి పెత్తనం చేసింది విసునూరు దేశ్‌ముఖ్ రామచంద్రారెడ్డి తల్లి జానకమ్మ. ఆ దేశ్‌ముఖ్ కింద 60 ఊళ్లు, 40 వేల ఎకరాలు ఉండేవని పుచ్చలపల్లి సుందరయ్య రాశారు. సూర్యాపేట వైపు జన్నారెడ్డి ప్రతాపరెడ్డిది లక్షన్నర ఎకరాలట. అంత భూమి ఒక ఇంటికి ఎలా చేరింది? శిస్తు వసూలు చేసే హక్కు వాళ్లదే, కాగితాలు వాళ్ల చేతిలోనే, ఆ కాగితాల భాష రైతుకు రాదు. సర్వే జరిగినప్పుడు ఎవరి చెలక ఎవరి పేర ఎక్కిందో రైతుకు తెలిసేది దొర మనిషి వచ్చి నాగలి విప్పించినప్పుడే. దానికి తోడు రెండో ప్రపంచ యుద్ధం రోజుల లెవీ. రెండెకరాల రైతు గింజలు కొలవాలి, దొర గాదెల వైపు అధికారి చూడడు.

విసునూరులో ఎక్కువసేపు ఉండలేదు. గడి గోడల ముందు ఫొటోలు దిగేవాళ్లు ఎక్కువయ్యారు. అక్కడ నాకు ఊపిరాడలేదు.

పాలకుర్తికి వచ్చేసరికి మధ్యాహ్నం దాటింది. సోమేశ్వరస్వామి గుట్ట ఎక్కుతుంటే పాల్కురికి సోమన గుర్తొచ్చాడు. కులం అడగని భక్తిని దేశి ద్విపదలో పాడినవాడి ఊరిది. పక్కనే బమ్మెర, పోతన పేరుతో చెప్పుకునే పొలం. ఇటువంటి నేల మీద చిట్యాల ఐలమ్మ పుట్టుకు రావడంలో నాకు వింతేమీ అనిపించలేదు.

చాకలి ఐలమ్మ మల్లంపల్లి మక్తేదారు దగ్గర భూమి కౌలుకు తీసుకుని సేద్యం మొదలుపెట్టింది. బట్టలుతికే మనిషి నాగలి పట్టడమే పెత్తందార్లకు మింగుడు పడలేదు. పైగా ఆమె సంఘంలో చేరింది. తాను పెట్టించిన కేసు కోర్టులో నిలవకపోయేసరికి విసునూరు దేశ్‌ముఖ్ మనుషుల్ని పంపి చేతికొచ్చిన పంటను కోయించబోయాడు. సంఘం కార్యకర్తలు కర్రలు పట్టుకుని అడ్డం తిరిగారు. ధాన్యం గడికి పోలేదు, ఐలమ్మ ఇంటికి చేరింది. కొమరయ్య చనిపోకముందే జరిగిన సంగతిది. తర్వాత ఆమె ఇల్లు తగలబెట్టారు. భూమిని మాత్రం ఆమె వదల్లేదు. 1985లో చనిపోయేదాకా ఆమె పాలకుర్తి ఐలమ్మే. 2024లో హైదరాబాదు కోఠి మహిళా విశ్వవిద్యాలయానికి ఆమె పేరు పెట్టారు. ఆ పేరు అక్కడ ఉండాల్సిందే.

సంఘం అంటే ఇక్కడ ఆంధ్ర మహాసభ. 1944 భువనగిరి సభలో రావి నారాయణరెడ్డి, బద్దం ఎల్లారెడ్డి వంటివాళ్లు దాన్ని చేతిలోకి తీసుకున్నాక సభ్యత్వ రుసుము రూపాయి నుంచి అణాకు దిగింది. వకీళ్ల, పెద్దరైతుల సభ కాస్తా కూలివాడికి కూడా అందింది. అణా ఇచ్చి చీటీ తీసుకున్నవాడు తిరిగి వెట్టికి పోనని చెప్పే ధైర్యం తెచ్చుకున్నాడు. తుపాకులు చాలా తర్వాత వచ్చాయి. మొదట గుత్పలు, వడిసెలలు, రోకళ్లు, కారప్పొడి.

మర్నాడు బైరాన్‌పల్లి. బురుజు ఇంకా నిలిచి ఉంది. దాని మీద కాపలా కాసి, రజాకార్లను పలుమార్లు తరిమిన ఊరది. 1948 ఆగస్టు 27న నిజాం పోలీసులు, రజాకార్లు కలిసి విరుచుకుపడి 80 మందికి పైగా చంపారు. మరో 17 రోజులకు భారత సైన్యం సంస్థానంలో అడుగుపెట్టింది. ఆ 17 రోజుల గురించి ఆ ఊళ్లో ఎవరితోనూ మాట్లాడలేకపోయాను.

తిరుగు దారిలో ఒక ఊళ్లో ఆటో టైరు పంచరైంది. ఆ ఊరి పేరు రాయను. కుమ్మరివాడలో ఒక ఇంటి పందిరి కింద కూర్చోనిచ్చారు. మాది నందిగామ వైపని మాట మీద తెలిసిపోయింది. "ఆంధ్రోళ్లా? తిన్నరా?" అని అడిగి, జవాబు కోసం ఆగకుండా ఆ ఇంటి అవ్వ పళ్లెం కడిగింది. మక్క గట్క, పచ్చిపులుసు, చింతకాయ తొక్కు. గట్క మధ్యలో వేలితో గుంట చేసి పచ్చిపులుసు పోసింది. కాల్చిన పచ్చిమిరప, ఉల్లిగడ్డ, కొద్దిగా నువ్వుల పొడి. ఎండలో తిరిగొచ్చిన కడుపుకు అంతకన్నా మంచి భోజనం నేనెరగను. జనగామలో నేను దిగిన లాడ్జి వాళ్లు పెట్టిన నూనె పూరీలు ఆ పళ్లెం ముందు గుర్తు చేసుకోవడమే తప్పు.

బైరాన్‌పల్లి నుంచి వస్తున్నానని చెబితే అవ్వ తన అత్త సంగతి ఎత్తుకుంది.

"వాము ఇప్పిననాడు మంచి కుండలన్నీ ముందుగాల గడికే పోయేటియి బిడ్డా. పర్రెవడ్డయి, వంకరవొయినయి మాకు."

"పైసలు ఇచ్చేవాళ్లు కాదా అవ్వా?"

"పైసలా? తిట్టకుంట పంపితే గదే పైసలు."

అధికారి క్యాంపు పెడితే నీళ్లకుండలు మోసుకుపోవాలి, అక్కడే ఉండి నీళ్లు నింపాలి. మాదిగలు చెప్పులు కుట్టియ్యాలి, గొల్లలు మేకపిల్లల్నియ్యాలి, చాకళ్లు ఉతకాలి, గౌండ్లవాళ్లు కల్లు పొయ్యాలి. దొరబిడ్డ పెళ్లయితే ఆమె వెంట దాసీగా ఇంకొకరి బిడ్డ అత్తారింటికి పోవాలి. ఇదంతా పుస్తకాల్లో చదివినదే. కానీ పగుళ్లిచ్చిన ఆ చేతులు కుండల వరస గాలిలో గీసి చూపిస్తుంటే, చదివింది చాలలేదని తెలిసింది.

"మరి సంఘం వచ్చినంక?"

"సంఘం వచ్చినంక కుండకు గింజలు వచ్చినయి."

ఆ ఒక్క ముక్కలో ఆమె చెప్పేసింది. ఊళ్లో సంఘం పంచాయతీ పెట్టింది, గడి గుంజుకున్న జరిమానాలు తిరిగి కట్టించింది, వెట్టి ఆపించింది. భూముల పంపకం ఆ తర్వాత. మొదట్లో 500 ఎకరాలు దాటిన భూమినే ముట్టుకున్నారు, తర్వాత ఆ హద్దు 200కు, 100కు దిగింది. సుమారు 3 వేల ఊళ్లలో 10 లక్షల ఎకరాలు పంచామని పార్టీ లెక్క. అవ్వ మామకు రెండెకరాలు వచ్చిందట.

"రెండు కార్లు దున్నిండు. మిలిట్రి వచ్చినంక దొర మల్ల వచ్చిండు. భూమి పాయె." కాసేపు ఆగి, "వెట్టి మాత్రం మల్ల రాలే" అంది.

నిజాం లొంగిపోయాక పోరాటం ఆపాలా, సాగించాలా అన్న చోట పార్టీలోనే చీలిక వచ్చింది. ఆపాలన్న రావి నారాయణరెడ్డి వైపే నా మనసు మొగ్గుతుంది. దళాలు నల్లమలకు, గోదావరి అడవులకు పోయాయి. దెబ్బలు తిన్నది ఊళ్లో మిగిలిన ఇటువంటి ఇళ్లు. కోయగూడేలను ఊళ్లకు ఊళ్లు లేపి కంచెల మధ్య పెట్టారు. పోరాటం మొత్తం మీద 4 వేల మంది చనిపోయారని సుందరయ్య రాశారు. 1951 అక్టోబరులో విరమించేనాటికి జాగీర్దారీ రద్దయింది, కౌల్దారీ చట్టం వచ్చింది, పోచంపల్లిలో వినోబా అడిగితే వెదిరె రామచంద్రారెడ్డి 100 ఎకరాలిచ్చాడు. జనం తిరగబడకపోతే ఈ మూడింటిలో ఒక్కటీ అంత తొందరగా జరిగేది కాదని నా నమ్మకం.

అవ్వ అత్త రాత్రిళ్లు దళాలకు వండి పెట్టేదట. జొన్న గట్క కుండలో పోసి, పైన పేడ తట్ట పెట్టుకుని, చీకట్లో చెలకల దాకా మోసుకుపోయేది. ఒకసారి పోలీసులు పట్టుకుని రెండు చేతులూ వాచేలా కొట్టారు. నెలరోజులు సారె పని ముట్టలేదు. తర్వాత ఆమెకు పింఛను లేదు. జైలు కాగితం లేదుగదా, అన్నం పెట్టినదానికి ఎవరు రాసిస్తారు? 1986లో స్త్రీశక్తి సంఘటన తెచ్చిన 'మనకు తెలియని మన చరిత్ర'లో ఐలమ్మ, మల్లు స్వరాజ్యం మాత్రమే కాదు, అడవిలో ఉండగా కన్నబిడ్డను వదులుకోవాల్సి వచ్చిన కమలమ్మ కూడా మాట్లాడింది. పోరాటం ఆగాక ఆడవాళ్లను ఇళ్లకు పొమ్మన్న తీరు మీద ఆ పుస్తకంలో కోపముంది. అవ్వతో ఆ మాటంటే, ఆమెకు కోపం రాలేదు. అత్త ఎటూ పోలేదని, ఉన్నచోటే ఉందని, మామే మారాడని చెప్పింది.

"ఎట్ల మారిండు అవ్వా?"

"మొదటి ఓట్లప్పుడు గడి ముంగటికెల్లి చెప్పులిడువకుంట పోయిండు. అత్త వెనకనే పోయింది. ఆమెకు చెప్పులే లెవ్వు. గప్పుడు గొనిచ్చిండు."