అమ్మ కనిపించని చిత్రం

పోయినవారి పటం గోడకు తగిలించి, తద్దినంనాడు దండ వెయ్యడం మన ఇళ్ళలో ఉన్నదే. మా ఇంటా ఉన్నది. కాని ఆ పటంలో ఉన్నావిడ మా అమ్మలా ఉండదు. ఎవరో నిలబెడితే ఊపిరి బిగబట్టి నిలుచున్న మనిషి ఆవిడ. మా అమ్మ ఒక్కచోట నిలిచిన ఘడియే లేదు.

అందుకని మూడో ఏటి తద్దినానికి మేము తోబుట్టువులం ముగ్గురమూ ఏడు నిమిషాల చిత్రం ఒకటి తీశాము. కెమేరా అంటే చేతిలోని సెల్‌ఫోనే. కథ లేదు, వేషం కట్టినవారు లేరు. ఇటువంటివాటిని ప్రయోగాత్మక చిత్రాలంటారు.

మాది లమ్తపుట్. 1936 దాకా ఈ కొరాపుట్ సీమ విశాఖపట్నం జిల్లాలోదే గనుక ఇక్కడ తెలుగు కొత్తది కాదు. 1955లో మాచ్‌ఖండ్ విద్యుత్కేంద్రం పని మొదలుపెట్టాక మరికొన్ని కుటుంబాలు వచ్చాయి. నాన్నగారు వచ్చింది ఆ ఉద్యోగం మీదనే. విజయనగరం నుంచి కాపురానికి వచ్చిన అమ్మ ఇంట్లో తెలుగూ, వీధిలో ఒడియా, సంతలో దేశియా మాట్లాడేది.

చిత్రంలో ఉన్నవి ఇవి: పెరటిలో అరిగిన రుబ్బురోలు, పోపులో ఆవాలు చిటపటలాడే చప్పుడు, ఒనకడిల్లీ గురువారపు సంతలో ఆవిడ బేరమాడే చోటు, డుడుమ జలపాతం హోరు.

తగవు వచ్చింది ఒక్కదానిమీదనే. అమ్మ మంచాన పడ్డప్పుడు తమ్ముడు తీసిన తునక ఒకటున్నది. "ముఖం కనిపిస్తుంది గదా, పెడదాం" అన్నాడు వాడు. "పిల్లలకు ఆ ముఖమా మిగలవలసింది?" అన్నది అప్ప. రెండు రోజులు మాటలు లేవు.

బెల్జియం దేశపు షాంటల్ అకెర్మన్ 1977లో ‘న్యూస్ ఫ్రమ్ హోమ్’ అనే చిత్రం ఇచ్చారు. కనిపించేవి న్యూయార్కు వీధులు, వినిపించేవి తల్లి వ్రాసిన ఉత్తరాలు. తల్లి ముఖం మాత్రం కనిపించదు. ఆవిడే 2015 నాటి ‘నో హోమ్ మూవీ’లో, అంతకుముందటి ఏడు పోయిన ఆ తల్లి చివరి రోజులను దాచకుండా చూపారు. అంటే మా ఇద్దరి మాటా తప్పు కాదన్నమాట.

చివరకు బొమ్మ తీసివేసి గొంతు ఉంచాము. తెర చీకటి. "అన్నం తిన్నావురా?" అని అమ్మ అడుగుతుంది, అంతే. నాయనమ్మను ఎరుగని మా పసివాడు అది విని, "తిన్నా" అని బదులు చెప్పాడు.

పెద్దవాళ్ళున్న ఇళ్ళవారికి మా మనవి ఒక్కటే. వారిని కుర్చీలో కూర్చోబెట్టి ఫోటోలు తీస్తే తియ్యండి. కాని వారు పని చేసుకొంటూ మాట్లాడే మాటలు కూడా దాచుకోండి.