నలభై మూడు కిలోల గుండు

ఎల్లంతకుంటలో నన్ను అడగాల్సిన ప్రశ్న ఒకటే ఉన్నట్టు అందరూ అదే అడుగుతారు. "కాకా, ఎంతమందిని సంపినవే?" కల్లు మండువ దగ్గర అడుగుతారు, పెండ్లి పందిట్లో బంతి మీద కూర్చున్నప్పుడు అడుగుతారు. ఫిరంగి దళంలో పనిచేసినవాడి దగ్గర దీనికి జవాబు ఉండదు. మా తోపు నిలబెట్టిన చోటు నుంచి గుండు పడే చోటు కనబడదు. ఓపీ ఆఫీసర్ ఎక్కడో ముందు కొండ మీద నక్కి కూర్చుని, బైనాక్యులర్‌లో చూసి రేడియోలో చెబుతాడు. కమాండ్ పోస్టులో టెక్నికల్ అసిస్టెంట్లు లెక్క గట్టి దిక్కు, కోణం, ఛార్జి అందిస్తారు. మేము తోపును తిప్పుతాం, నింపుతాం, వదులుతాం. మా వంతు అంతే. 1999 కార్గిల్ యుద్ధంలో ద్రాస్ దగ్గర నేను చేసింది ఎక్కువ భాగం హమాలీ పని. ఈ మాట చెబితే అడిగినవాళ్ల మొహాలు చిన్నబోతాయి.

మావి బోఫోర్స్ తోపులు. 1986లో స్వీడన్‌తో 410 తోపులకు ఒప్పందం అయింది, ఆ తర్వాత దాని పేరు మీద జరిగిన రాజకీయమంతా ఊళ్లో అందరికీ తెలుసు. తోపు ఏం చేస్తుందో మాత్రం కార్గిల్ దాకా ఎవరికీ పట్టలేదు. దాని గుండు 155 మిల్లీమీటర్ల లావు, సుమారు 43 కిలోల బరువు. మైదానంలో 24 కిలోమీటర్ల దూరం పోతుంది, ద్రాస్ ఎత్తులో గాలి పలచన కాబట్టి ఇంకా ముందుకు పోతుంది. అందుకే గాలి లెక్కలు, ఉష్ణోగ్రత లెక్కలు మళ్లీ మళ్లీ వచ్చేవి. అదే పలచని గాలి మనిషికి పగ. కింద గోల్కొండ ఆర్టిలరీ సెంటర్లో ట్రైనింగప్పుడు ఉరుకుతూ చేసిన పనికి, అక్కడ మూడు అడుగులు వేసి నడుము మీద చెయ్యి పెట్టుకుని నిలబడాల్సి వచ్చేది.

గుండ్లు రాత్రి వచ్చేవి. శ్రీనగర్–లేహ్ రోడ్డు తోలోలింగ్ కొండ మీద కూర్చున్న పాకిస్తాన్ వాళ్లకు అరచేతిలో గీతలా కనబడేది, పగలు లారీ కదిలితే దాని మీద గుండు పడేది. హెడ్‌లైట్లు ఆర్పుకుని, ముందు లారీ వెనక భాగాన్ని పోల్చుకుంటూ డ్రైవర్లు తోలుకొచ్చేవారు. యుద్ధంలో ఎవరి గుండె గట్టిదని నన్నడిగితే ఆ సివిల్ లారీ డ్రైవర్ల పేరే చెబుతాను. లారీ ఆగీ ఆగకముందే దించుడు మొదలు. ఒక్కొక్క గుండు ముక్కుకు ఎత్తడానికి ఇనుప కడియం ఉంటుంది. దించాక, పేర్చాక, ఆ కడియం మర తిప్పి విప్పి, దాని జాగాలో ఫ్యూజు బిగించాలి. చేతికి గ్లౌజు ఉంటే మర పట్టు దొరకదు, తీసేస్తే ఇనుము వేళ్లను కొరుకుతుంది. జూన్‌లోనే అట్లా ఉండేది. మేము చలికాలం కూడా అక్కడే ఉన్నాం. అప్పుడు ఉత్త చేత్తో తోపును ముట్టుకోవద్దని కొత్తగా వచ్చిన పిల్లలకు మొదటి పాఠం.

మోత పని లేనప్పుడు తవ్వుడు. తోపుకు గుంత, గుండ్లకు గుంత, మనిషికి గుంత, దొడ్డికి గుంత. మట్టి తక్కువ, రాయి ఎక్కువ. ఖాళీ అయిన గుండ్ల పెట్టెలు మాకు బంగారం. వాటితోనే బంకరు కప్పు, వాటితోనే పడక, తాష్ ఆడే బల్ల. ఛార్జి డబ్బాలు పీటలు. మా డిటాచ్‌మెంట్‌లో ఒక రాజస్థానీ నాయక్ పెట్టె చెక్కలతో అల్మారా చేశాడు, అందులో షేవింగ్ సామాను, దేవుని పటం, ఊరి నుంచి వచ్చిన నెయ్యి సీసా వరుసగా పెట్టుకునేవాడు. ఎదురు గుండు పడి బంకరు కదిలినప్పుడల్లా ముందు నెయ్యి సీసా చూసుకునేవాడు.

లెక్కలు తర్వాత తెలిశాయి. ఆ యుద్ధంలో మన ఫిరంగి దళం మొత్తం రెండున్నర లక్షలకు పైగా గుండ్లు, మోర్టార్ బాంబులు, రాకెట్లు వదిలింది, రోజుకు సగటున ఐదు వేలు. టైగర్ హిల్ తిరిగి పట్టుకున్న రోజు ఒక్కనాడే తొమ్మిది వేలు. పేపర్లో చదివినవాళ్లకు అది అంకె. దాన్ని నేను భుజంలో చదువుకున్నాను. ప్రతి గుండూ ఫ్యాక్టరీలో ఎవరో ఎక్కించారు, డిపోలో ఎవరో దించారు, జోజిలా కనుమ దాటించారు, చివరికి ఎవరో చేతులతో ట్రే మీద పెట్టారు. పదమూడు పద్నాలుగు సెకన్లలో మూడు గుండ్లు పోతాయి. వాటిని మోయడానికి పట్టిన సమయం ఎవరూ లెక్క పెట్టలేదు.

తిండి సంగతి చెప్పాలి, ఎందుకంటే యుద్ధంలో సిపాయి మాట్లాడుకునేది ఎక్కువ దాని గురించే. ఆ ఎత్తులో ప్రెషర్ కుక్కర్ లేకుంటే పప్పు ఉడకదు. లంగర్ వెనక నాలాలో ఉండేది, పొగ కనబడకుండా తెల్లారకముందే వంట ముగించేవారు. పూరీలు, ఆలుగడ్డ కూర, జేబులో శక్కర్‌పారా. మా బ్యాటరీలో అన్ని రాష్ట్రాలవాళ్లం ఉన్నాం కాబట్టి అన్నం అందరి కోరిక కాదు, నాకూ ఇద్దరు తమిళ తమ్ముళ్లకూ మాత్రమే. మా అవ్వ ఆ సంక్రాంతికి సకినాలు కట్టి పోస్టు చేసింది. 56 ఏపీఓ అనే ఆర్మీ పోస్టాఫీసు దాటి మా దగ్గరికి చేరేసరికి ఒక్కటి కూడా గుండ్రంగా లేదు, గుడ్డ సంచిలో నువ్వులు కలిసిన బియ్యప్పిండి పొడి మిగిలింది. చాయ్‌లో కలుపుకుని చెంచాతో తిన్నాం. నాయక్ సాబ్ ఇదేం మిఠాయి అని అడిగితే, మా కరీంనగర్ జిల్లాలో ఇట్లనే చేస్తారని చెప్పాను.

ఉత్తరాల మీద ఉండేది కూడా ఆ 56 ఏపీఓ ఒక్కటే. మనిషి ఎక్కడున్నాడో ఆ అంకె చెప్పదు. ఫోర్సెస్ లెటర్ ఫారం ఉచితం, అందులో రాయకూడనివి చాలా. కాబట్టి తిన్నదీ తాగిందీ రాసేవాణ్ణి, పొలంలో బోరు పోస్తోందా అని అడిగేవాణ్ణి. ఊళ్లో పోస్ట్‌మన్ సంచిలో అప్పటికి ఎక్కువ ఉత్తరాలు దుబాయి, మస్కట్‌లవి. వాటి మధ్య నాది వచ్చేది. ఒక తేడా ఉంది. దుబాయి పోయినవాళ్ల గురించి ఊరంతా చెప్పుకునేది, నా కొలువు గురించి ఇంట్లోవాళ్లు గట్టిగా మాట్లాడేవారు కాదు. 1978లో సిరిసిల్ల, జగిత్యాల తాలూకాలను ప్రభుత్వం కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది, ఆ తర్వాత ఇరవై ఏండ్లూ మా దిక్కు నక్సలైట్ అన్నలూ పోలీసులూ తప్ప మూడో మాట లేదు. సెలవు మీద వస్తే యూనిఫాం సంచి అడుగున, దాని మీద లుంగీలు. ఎవరైనా అడిగితే "హైదరాబాద్‌ల కంపెనీల చేస్తున్న" అనేవాణ్ణి. కార్గిల్ టీవీలో వచ్చాకే మా బాపు నా ఫోటో గోడకు ఎక్కించాడు.

మొన్న మా కొడుకు ఒక సినిమా పెట్టాడు. జర్మన్ సినిమా, 'ఆల్ క్వైట్ ఆన్ ద వెస్టర్న్ ఫ్రంట్', 2022లో వచ్చింది, నాలుగు ఆస్కార్లు వచ్చాయట. మొదటి ప్రపంచ యుద్ధంలో జర్మన్ సిపాయిల కథ. మొదట్లోనే చచ్చిపోయిన సిపాయిల బట్టలు విప్పి, నెత్తురు పోయేలా ఉడకబెట్టి, పెద్ద షెడ్డులో వరుసగా మిషన్ల మీద ఆడవాళ్లు చిరుగులు కుట్టి, కొత్తగా చేరిన పిల్లలకు తొడుగుతారు. ఒకడికి కాలర్‌లో ఇంకొకడి పేరు చీటీ దొరుకుతుంది. మా ఇంటామె సిరిసిల్లలో స్కూలు యూనిఫాంలు కుట్టడానికి పోతుంది. ఆమె యుద్ధం చూడలేదు, మిషన్లు చూసింది. "కుట్టు మంచిగనే ఏస్తున్నరు గని చీటీ తీయాలె గదా" అంది.

ఆ సినిమాకు మూలమైన నవల 1929లో వచ్చింది. రాసిన రెమార్క్ 1917లో ఫ్రంట్‌కు పోయి గాయపడ్డ మనిషి. నాజీలు 1933లో ఆ పుస్తకాన్ని తగలబెట్టారు. నవల మొదలయ్యేది పోరాటంతో కాదు, వంటతో. వంటవాడు నూట యాభై మందికి వండి పెడితే ఎనభై మంది తిరిగి వస్తారు. మిగిలిన తిండి కూడా మాకే పెట్టమని వీళ్లు, లెక్క ప్రకారం కుదరదని వంటవాడు, గొడవ. చదివి పుస్తకం మూసి బయటికి వచ్చాను. మా తోపుల పక్క నుంచి పైకి ఎక్కే పదాతి దళం వాళ్లకు మా లంగర్‌లో పూరీ ప్యాకెట్లు కట్టేవారు. మరునాడు కిందికొచ్చేవాళ్ల కోసం కూడా అంతే లెక్కన వండేవారు. కొన్ని పొద్దులు గిన్నె అడుగు కనబడేది కాదు. మా హవల్దార్ ఏమీ అనకుండా రెండేసి వడ్డించేవాడు, మేమూ ఏమీ అనకుండా తినేవాళ్లం. తినకుండా ఉన్నవాడు నాకు గుర్తు లేడు. సినిమాల్లో అయితే ఒకడు పళ్లెం పక్కకు నెట్టేస్తాడు.

అప్పటి నుంచి జర్మన్ సిపాయిల దినచర్య మీద దొరికింది చదువుతున్నాను. వాళ్లకూ ఉత్తరాలు ఉచితమే, రెండో యుద్ధంలో ఐదంకెల ఫెల్డ్‌పోస్ట్ నంబరే చిరునామా. బెర్లిన్‌లో కమ్యూనికేషన్ మ్యూజియం అలాంటి ఉత్తరాలు దాచిపెట్టింది. 1941 చలికాలంలో రష్యాలో సరైన ఉన్ని బట్టలు లేక వేళ్లు పోగొట్టుకున్నారు. తర్వాత దానికి పతకం ఇస్తే, సిపాయిలే దాన్ని గడ్డ కట్టిన మాంసం పతకం అని పిలుచుకున్నారు. ఆ ఎకసెక్కం నాకు బాగా తెలుసు. మాకు ఆపరేషన్ విజయ్ స్టార్ పతకం వచ్చినప్పుడు మా బ్యాటరీలో దానికి పెట్టిన పేరు ఇక్కడ రాయలేను.

"డాడీ, వాళ్లు కూడా నీ అసొంటోళ్లే గదా" అన్నాడు కొడుకు. పని వరకు అవును. మోత, తవ్వుడు, చలి, చాయ్, ఉత్తరం, అన్నీ ఒకటే. అక్కడ ఆగిపోతే తప్పు. రెండో యుద్ధంలో ఆ సైన్యం చేతిలో బందీలుగా పడ్డ సోవియట్ సిపాయిలు ముప్పై లక్షల మందికి పైగా ఆకలితో, చలితో, తూటాలతో చచ్చారు. ఆ క్యాంపుల కాపలావాడు కూడా ఇంటికి ఉత్తరం రాసి ఉంటాడు, వాళ్ల అమ్మ పంపిన మేజోళ్లు వేసుకుని ఉంటాడు. వాడు నా లాంటివాడే అని ఒప్పుకోవడానికి నాకు మనసు రాదు, కాదని తేల్చేయడానికీ ధైర్యం చాలదు. మా గుండ్లు పడ్డవి ఊళ్ల మీద కాదు, చెట్టు కూడా లేని శిఖరాల మీద. అది మా అదృష్టమే తప్ప, చూడకుండా వదిలే తోపుకు ఊరూ కొండా తేడా ఉండదు.

జర్మన్ సిపాయిల మధ్య బతికిన హైదరాబాదీ ఒకాయన ఉన్నాడని తెలిసినప్పుడు ఆశ్చర్యపోయాను. ఆబిద్ హసన్ సఫ్రానీ. ఇంజనీరింగ్ చదవడానికి జర్మనీ పోయి సుభాష్ చంద్రబోస్ వెంట నడిచాడు. ఉత్తర ఆఫ్రికాలో పట్టుబడ్డ భారతీయ సిపాయిలతో అక్కడ ఒక దళం కట్టారు, మూడు వేల దాకా మనుషులు. రామ్ రామ్ అనేవాడొకడు, సలామ్ అనేవాడొకడు, సత్ శ్రీ అకాల్ అనేవాడొకడు. అందరికీ ఒకే పలకరింపుగా జై హింద్ అన్నది ఆయన సూచనే అని చెబుతారు. నేను కొలువులో రోజూ పొద్దున అన్న మాట అది, ఎక్కడ పుట్టిందో ఎవరూ చెప్పలేదు. 1943 ఫిబ్రవరిలో ఆయనా బోసూ యూ-180 అనే జర్మన్ జలాంతర్గామిలో కీల్ రేవు నుంచి బయల్దేరి, ఏప్రిల్ చివర మడగాస్కర్ దగ్గర సముద్రంలో జపాన్ జలాంతర్గామిలోకి మారారు. అన్ని రోజులూ ఇరుకు, రొట్టెలో కూడా డీజిల్ వాసన. సామాను గదిలో బియ్యం, పప్పు కనబడితే ఆబిద్ హసన్ కిచిడీ వండించాడు, బోస్ దాన్ని జర్మన్ ఆఫీసర్లకు కూడా పంచిపెట్టాడు. మా బంకర్లో బుఖారీ పొయ్యి పొగకు దుప్పట్లు, టోపీలు, పూరీలు అన్నీ కిరోసిన్ వాసన కొట్టేవి కాబట్టి, ఆ కిచిడీ రుచి ఎట్లా ఉండి ఉంటుందో ఊహించగలను. ఆయన తర్వాత మన దేశం తరఫున రాయబారిగా పనిచేసి 1984లో హైదరాబాద్‌లోనే పోయాడు.

ద్రాస్ దగ్గరి పాయింట్ 5140 అనే శిఖరానికి 2022 జూలైలో గన్ హిల్ అని పేరు పెట్టారు, ఫిరంగి దళం గుర్తుగా. పేపర్లో చూసి కటింగ్ పెట్టుకున్నాను. ఆ శిఖరం నేను దగ్గరి నుంచి చూడలేదు, దాని దిక్కు, దాని కోణం మాత్రం తెలుసు.

ఇప్పుడు పొలం ఉంది, పింఛను ఉంది. నెలకోసారి కరీంనగర్ మిలిటరీ క్యాంటీన్‌కు పోతాను. ఆ వారం మాత్రం ఊళ్లో నాకు వరుసలు ఎక్కువ. మామా అని ఒకడు, బావా అని ఒకడు, అందరి చూపూ సంచి మీదే. ఎడమ చెవి సరిగా వినబడదు. మా బాపు సిరిసిల్లలో సాంచాల మీద, అంటే మరమగ్గాల మీద బతికినవాడు, ఆయనకు రెండు చెవులూ పోయాయి, ఆయనకు పింఛను కూడా లేదు. సాయంత్రాలు ఇద్దరం అరుగు మీద కూర్చుంటే దారిన పోయేవాళ్లు మేము కొట్లాడుకుంటున్నామనుకునేవారు.

పొద్దున్నే రోడ్డు మీద పిల్లలు ఉరుకుతుంటారు. సైన్యంలో అగ్నివీర్ కొలువు కోసం. పదహారు వందల మీటర్లు, బీమ్, తొమ్మిది అడుగుల గుంత. నాలుగేండ్ల తర్వాత నాలుగింట ఒకరినే ఉంచుకుంటారని తెలిసీ ఉరుకుతున్నారు. 2022లో సికింద్రాబాద్ స్టేషన్ కాలినప్పుడు వాళ్ల కోపం నాకు అర్థమైంది. నాలుగేండ్లు తోపు దగ్గర మనిషి పని నేర్చుకునే కాలం, చేసే కాలం దాని తర్వాత మొదలవుతుంది. అయినా వచ్చి అడుగుతారు, "కాకా, ఏం తయారు కావాలె?" ఉరుకుడు వాళ్లకు నా కంటే బాగా వచ్చు. నేను వేరే చెబుతాను. పార పట్టుడు నేర్చుకో. ఏది పెడితే అది తిను. ఎక్కడ జాగ దొరికితే అక్కడ పండుకో. తోపు దగ్గర వేస్తే చెవులకు ఇచ్చిన ప్లగ్గులు జేబులో పెట్టుకోకు, చెవుల్లోనే పెట్టుకో. బయటికి వచ్చేటప్పుడు మెడికల్ బోర్డు ముందు "వినబడుతోందా" అని అడుగుతారు. ఇంటికి పోయే తొందరలో అందరూ వినబడుతోందనే అంటారు. అనకు. పరీక్ష చేయించుకుని కాగితం మీద రాయించుకో, దాని నకలు కూడా అడిగి తీసుకో.