నీళ్లు పడకముందే...

కెమిస్ట్రీ లెక్చరర్‌గా ముప్ఫై రెండేళ్లు పనిచేశాను. ఏటా ప్రాక్టికల్స్ మొదలయ్యే రోజున పిల్లలకు ఒక అబద్ధం చెప్పేవాణ్ని.

'థయోటిమోలిన్ అని ఓ పదార్థం ఉంది. నీళ్లు పోస్తే కరుగుతుంది. అందులో వింతేముంది అంటారా? నీళ్లు పోయడానికి 1.12 సెకన్ల ముందే కరుగుతుంది!'

క్లాసంతా ఓ క్షణం నిశ్శబ్దం. తర్వాత వెనక బెంచీల్లోంచి నవ్వులు. అప్పుడు అసలు సంగతి చెప్పేవాణ్ని.

దాన్ని కనిపెట్టింది ఐజాక్ అసిమోవ్. ప్రయోగశాలలో కాదు, కాగితం మీద. సైన్స్ ఫిక్షన్ రచయితగా ప్రపంచమంతా పేరు తెచ్చుకున్న ఆయన, అప్పట్లో న్యూయార్క్‌లోని కొలంబియా యూనివర్సిటీలో కెమిస్ట్రీలో పీహెచ్‌డీ చేస్తున్నాడు. ప్రయోగాల్లో భాగంగా కాటెకాల్ అనే పదార్థాన్ని నీళ్లలో వేసేవాడు. అది నీటిని తాకిందో లేదో కరిగిపోయేది. ఇంకాస్త తొందరపడితే తాకకముందే కరిగేట్టుందే అనిపించిందట. థీసిస్ రాయడానికి ముందు ఆ గంభీరమైన భాష చేతికి అలవాటు కావాలని, పట్టికలు, గ్రాఫులతో సహా ఓ ఉత్తుత్తి పరిశోధన పత్రం రాసేశాడు. కర్బన పరమాణువుకు నాలుగు బంధాలుంటాయని మనకు తెలుసు. థయోటిమోలిన్‌లో వాటిలో ఒకటి భవిష్యత్తులోకి, మరొకటి గతంలోకి చాచుకుని ఉంటాయని కారణం కూడా చెప్పాడు!

అది 1948 మార్చిలో 'అస్టౌండింగ్ సైన్స్ ఫిక్షన్' పత్రికలో వచ్చింది. ప్రొఫెసర్ల కంట పడితే కొంప మునుగుతుందని మారుపేరుతో వేయమన్నాడు. ఎడిటరేమో అసలు పేరే వేశాడు. ఇక పీహెచ్‌డీ వచ్చినట్టే అని బెంగపెట్టుకున్నాడు పాపం. ఆ మేలో మౌఖిక పరీక్ష. ప్రశ్నలన్నీ అయ్యాక చివర్లో ఓ ప్రొఫెసర్ థయోటిమోలిన్ గురించి చెప్పమన్నాడు. అసిమోవ్‌కి నవ్వు ఆగలేదు. ఫెయిల్ చేయదలచుకున్నవాళ్లు అలా పరాచికాలాడరు కదా! ఫలితం చెప్పకముందే ఆయనకు ఫలితం తెలిసిపోయింది.

ఈ కథ చెప్పినప్పుడల్లా నవ్వేవాణ్ని. 1994 నుంచి మాత్రం అంత తేలిగ్గా నవ్వలేకపోయాను.

ఆ ఏడాది సెకండియర్‌లో ఓ కుర్రాడు ఉండేవాడు. నెమ్మదస్తుడు. కథ విని అందరూ నవ్వుతుంటే లేచి నిలబడ్డాడు. 'సార్, నీళ్లు పోస్తారని కరిగిపోయిందనుకోండి. తర్వాత పోయకుండా ఆపేస్తే మళ్లీ గట్టిపడుతుందా?' అనడిగాడు.

చాలా మంచి ప్రశ్న. నేనేమో 'కథకు లాజిక్కులు అడక్కురా, కూచో' అన్నాను.

పరీక్షలయ్యాక మా ఇంటికొచ్చాడు. నేనిచ్చిన పుస్తకాలు రెండు అట్టలు వేసి మరీ తెచ్చిచ్చాడు. 'ఉంచుకోరా, ఎంసెట్‌కు పనికొస్తాయి' అన్నాను. 'ఇక అక్కర్లేదు సార్' అన్నాడు. ఎంత పద్ధతైన పిల్లాడో అని మా ఆవిడతో మెచ్చుకున్నాను కూడా. తన వాచీ తమ్ముడికి ఇచ్చేశాడనీ, వారంగా సరిగా అన్నం తినడం లేదనీ వాళ్ల నాన్న చెబితే తర్వాత తెలిసింది.

ఫలితాలు రేపు పేపర్లో వస్తాయనగా ఆ సాయంత్రం నుంచి పిల్లాడు కనబడలేదు.

మర్నాడు వాళ్ల నాన్నా నేనూ పేపర్లో నంబరు వెతికాం. లేదు. ఆ నంబరు సంగతి ఆయన రెండోసారి ఎత్తలేదు. చెరువులు, రైలుపట్టాలు, బావులు... మేం ఎక్కడెక్కడ వెతికామో రాయడానికి ఇప్పటికీ చెయ్యి రాదు. మూడోరోజు మా ఊరి లారీ డ్రైవరొకాయన విజయవాడ బస్టాండు దగ్గర టిఫిన్ హోటల్లో ప్లేట్లు కడుగుతున్న వాణ్ని గుర్తుపట్టి, కేబిన్లో కూచోబెట్టుకుని తీసుకొచ్చాడు. గుమ్మంలో నిలబడ్డ కొడుకును చూసి ఆ తండ్రి అన్నది ఒకేమాట. 'అన్నం తిన్నావా?'

పోయింది ఒక్క సబ్జెక్టే. కెమిస్ట్రీ. నా సబ్జెక్టు.

అప్పుడర్థమైంది నాకు. వాణ్ని కరిగించింది ఫలితం కాదు. పేపరు ఇంటికి చేరేటప్పటికే వాడు కరిగిపోయాడు. పుస్తకాలు తిరిగిచ్చిన రోజు నా ఎదురుగానే కరుగుతున్నాడు. ఏ ద్రావణంలో ఏ రంగు తేలుతుందో కనిపెట్టమని ముప్ఫై రెండేళ్లు పాఠం చెప్పినవాణ్ని, అది చూడలేకపోయాను.

రెండు నెలలు వాణ్ని మా ఇంటికి రమ్మని చదివించాను. సప్లిమెంటరీలో గట్టెక్కాడు. ఇప్పుడు మండల కేంద్రంలో ఎరువుల దుకాణం నడుపుతున్నాడు. కెమిస్ట్రీ తనను వదల్లేదని నవ్వుతుంటాడు.

ఈమధ్య స్వీట్లు పట్టుకుని వచ్చాడు. వాళ్లమ్మాయి ఇంటర్ రాసింది. 'ఎన్ని మార్కులొచ్చాయి?' అన్నాను అలవాటుగా.

'ఫలితాలు ఇంకా రాలేదు సార్, రేపొస్తాయి' అన్నాడు.

'మరి ఈ స్వీట్లు?'

'రాకముందే పంచుతున్నా సార్. ఇవాళ అందరం కలిసి బిర్యానీ తిని, సినిమా చూసొచ్చాం. వచ్చాక పెడితే అది మార్కులకు పెట్టినట్టు ఉంటుంది. ముందే పెడితే పిల్లకు పెట్టినట్టు.'

నేను లడ్డూ నోట్లో వేసుకుని ఊరుకున్నాను. ముప్ఫై ఏళ్ల క్రితం వాడడిగిన ప్రశ్నకు నేను జవాబు చెప్పలేదు. వాడే వెతుక్కున్నాడు.